చెక్ బౌన్స్ కేసులో రాజీ: ఏ దశలో ఎంత భారం, ఎక్కడ బెడిసికొడుతుంది

క్లుప్తంగా: చెల్లని చెక్కు కేసును ఏ దశలోనైనా, శిక్ష పడి అప్పీల్లో ఉన్నా సరే, రాజీ చేసుకోవచ్చు. ఆలస్యంగా కుదిరే రాజీల మీద కోర్టులు వేసే ఖర్చులను సుప్రీంకోర్టు 2025 సెప్టెంబరు 25న బాగా తగ్గించింది. ముద్దాయి తన తరఫు సాక్ష్యం మొదలవకముందే డబ్బు కట్టేస్తే ఆ ఖర్చు అసలే ఉండదు. కాకపోతే ఫిర్యాది ఒప్పుకోకుండా రాజీ లేదు, ఒప్పందం రాసుకున్నాక పాత కేసుకి తిరిగి వెళ్ళే దారి దాదాపు మూసుకుపోతుంది. అందుకే ఎంతకి కుదిరిందన్న దానికంటే డబ్బు, కాగితం ఏ వరసలో చేతులు మారాయన్నదే ఎక్కువ కేసుల్లో తేడా తెస్తుంది.

గోదావరి డెల్టాలో చెక్కు ఎందుకు రాస్తారు

భీమవరం, ఆకివీడు, కైకలూరు వైపు రొయ్యల చెరువు చేసేవాళ్ళలో మేతని రొక్కం పెట్టి కొనేవాళ్ళు తక్కువ. డీలర్ మేత, మందులు అరువు మీద ఇస్తాడు, పట్టుబడి అయ్యాక లెక్క చూసుకుంటారు. ఆ అరువుకి హామీగా సంతకం పెట్టిన ఖాళీ చెక్కులు రెండు మూడు, ఒక ఖాళీ ప్రోనోటు డీలర్ దగ్గర ఉంటాయి. వరి వైపు కూడా కథ పెద్దగా వేరు కాదు. కౌలుకి చేసేవాడికి బ్యాంకు అప్పు దొరకడం కష్టం, 2019 నాటి పంట సాగుదారు హక్కుల చట్టం కింద కార్డు తీసుకోవాలన్నా భూయజమాని అంగీకారం కావాలి, దాంతో సార్వాకి పెట్టుబడి ఎరువుల కొట్టులోనో కమీషన్ వ్యాపారి దగ్గరో పుడుతుంది. అంబాజీపేట కొబ్బరి, రావులపాలెం అరటి, మండపేట బియ్యం మిల్లులు, కడియం నర్సరీలు, ఊరూరా చీటీపాటలు, ఇవన్నీ నమ్మకం మీద నడిచే అరువు వ్యాపారాలే. నమ్మకానికి తోడుగా ఒక చెక్కు.

పంట బాగుంటే ఆ చెక్కు బీరువాలోంచి బయటికి రాదు. చెరువుకి వైట్ స్పాట్ రోగం తగిలినా, ధర పడిపోయినా వస్తుంది. 2025 ఆగస్టు చివర్లో అమెరికా మన సరుకు మీద సుంకాన్ని 50 శాతానికి పెంచినప్పుడు రొయ్య ధర దెబ్బతింది. అలాంటి సీజన్లలో ఒకే డీలర్ దగ్గర పాతికమంది బాకీ ఒకేసారి ఆగిపోతుంది, ఆ డీలర్ కంపెనీకి ఇచ్చిన చెక్కు కూడా ఆగిపోతుంది. కింది నుంచి పైదాకా వరసగా.

ఇక్కడ జనం ఎక్కువగా పొరబడేది ఒకటుంది. ‘అది ఖాళీ చెక్కు, హామీ కోసం ఇచ్చాను, అంకె వాళ్ళు వేసుకున్నారు’ అని చెబితే కేసు ఎగిరిపోతుందనుకుంటారు. సంతకం తనదేనని ఒప్పుకుంటే, ఖాళీగా ఇచ్చిన చెక్కు మీద కూడా అది బాకీ కిందే ఇచ్చినట్టు చట్టం మొదట ఊహిస్తుందని 2019లో బీర్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. కాదని చూపించే బరువు ముద్దాయిదే. చూపించలేరని కాదు, డీలర్ పద్దు పుస్తకాన్ని ప్రశ్నించి చూపించవచ్చు, కానీ చేతిలో రసీదులు లేనివాడికి అది గట్టి పని. డెల్టా కేసుల్లో అసలు తగాదా బాకీ ఉందా లేదా అన్న దాని మీద కంటే ఎంత అన్న దాని మీద ఎక్కువ. ఎంత అన్నది తేలాలంటే ఇద్దరూ పద్దు ముందేసుకుని కూర్చోవాలి, కాబట్టి ఇవి స్వభావరీత్యానే రాజీకి తగిన కేసులు. పైగా వచ్చే సీజన్‌కి మళ్ళీ ఆ డీలరే మేత ఇవ్వాలి, ఆ రైతే కొనాలి.

కేసు ఎలా నడుస్తుంది

చెల్లని చెక్కును నేరంగా చేసిన సెక్షన్ 138, 1881 నాటి నెగోషియబుల్ ఇన్‌స్ట్రుమెంట్స్ చట్టంలోకి 1989 ఏప్రిల్ 1 నుంచి అమల్లోకి వచ్చింది. శిక్ష మొదట్లో ఏడాది వరకే. 2002 సవరణతో అది రెండేళ్ళకి పెరిగింది. జైలు లేదా చెక్కు మొత్తానికి రెట్టింపు దాకా జరిమానా, లేదా రెండూ. అదే సవరణ సెక్షన్ 147ని కూడా తెచ్చింది: ఈ చట్టం కింద ఏ నేరమైనా రాజీ చేసుకోదగ్గదే. అంతకు ముందు ఈ విషయంలో ఉన్న గందరగోళం దాంతో తీరింది.

దీన్ని పోలీసు కేసు అనుకుని భయపడేవాళ్ళు ఇప్పటికీ ఉన్నారు. ఇది స్టేషన్లో పెట్టే కేసు కాదు, ఫిర్యాది నేరుగా మెజిస్ట్రేటు కోర్టులో వేసేది. పోలీసులు తలుపు తట్టేది సమన్లో వారంటో అందించడానికి.

చెక్కు తేదీ నుంచి మూడు నెలల్లో బ్యాంకులో వేయాలి. డబ్బు లేదని బ్యాంకు మెమో వచ్చిన 30 రోజుల్లో నోటీసు పంపాలి. నోటీసు అందిన 15 రోజుల్లో డబ్బు కట్టకపోతే అప్పుడు నేరం పూర్తవుతుంది, ఆ తర్వాత నెలలోపు కేసు వేయాలి. ఈ 15 రోజుల్లో చెక్కు మొత్తం కట్టేస్తే నేరమే లేదు, రాజీ అన్న మాటే రాదు. ఇంతకంటే చవకైన ముగింపు ఇంకోటి లేదు, అయినా ఎక్కువమంది వాడుకోనిదీ ఇదే. రిజిస్టర్డ్ కవరు తీసుకోకుండా తిప్పి పంపితే కేసు ఆగుతుందన్న పాత నమ్మకం ఒకటి ఊళ్ళలో ఉంది మరి. సరైన చిరునామాకి పంపిన నోటీసు అందినట్టే లెక్క. నోటీసు నిజంగానే చేరలేదంటారా, దానికీ సుప్రీంకోర్టు 2007లో అలవి హాజీ కేసులో ఒక దారి ఇచ్చింది: కోర్టు సమన్లు అందిన 15 రోజుల్లో చెక్కు మొత్తం కట్టేసి, ఫిర్యాదు కొట్టేయమని అడగవచ్చు. కువైట్లోనో ఖతార్లోనో పని చేసుకుంటూ ఊరి చిరునామాకి వచ్చిన నోటీసు చూడని కోనసీమ వాళ్ళకి ఇది పనికొచ్చే దారి.

నోటీసు పంపేవాళ్ళకీ ఒక జాగ్రత్త. నోటీసులో అడిగే మొత్తం చెక్కు మీదున్న మొత్తమే అయి ఉండాలి, అంకె తప్పు పడితే టైపింగ్ పొరపాటన్నా కుదరదని 2025 సెప్టెంబరులోనే మరో తీర్పు వచ్చింది. వడ్డీ, ఖర్చులు అడగాలనుకుంటే విడిగా అడగాలి గానీ చెక్కు అంకెలో కలిపేయకూడదు.

కేసు ఏ ఊళ్ళో అన్నది కూడా రాజీ మీద ఒత్తిడి పెడుతుంది. 2015 సవరణ తర్వాత, చెక్కు తీసుకున్నవాడి ఖాతా ఏ శాఖలో ఉంటే ఆ పరిధి కోర్టులో కేసు. కడియం నర్సరీ యజమానికి ఢిల్లీ వ్యాపారి ఇచ్చిన చెక్కు తిరిగొస్తే వాయిదాలకి రావాల్సింది ఢిల్లీ వ్యాపారే. మూడో వాయిదాకి రైలు టికెట్టు, లాయరు ఫీజు, హోటలు ఖర్చు కూడేసరికి బేరం మెత్తబడుతుంది. ఇదే లెక్క తిరగబడి హైదరాబాదు ఫైనాన్స్ కంపెనీకి చెక్కులు ఇచ్చిన పాలకొల్లు మనిషికీ వర్తిస్తుంది.

ఆలస్యానికి వేసే ఖర్చు: 2010 లెక్క, 2025 లెక్క

రాజీకి ఎప్పుడైనా తలుపు తెరిచే ఉంటుంది కాబట్టి ముద్దాయిలు ఆఖరి దాకా సాగదీసి, శిక్ష ఖాయమనిపించినప్పుడు సుప్రీంకోర్టు మెట్ల దగ్గర రాజీకి వచ్చేవారు. దీన్ని ఆపడానికి 2010లో దామోదర్ ప్రభు కేసులో సుప్రీంకోర్టు మెట్ల వారీ ఖర్చులు పెట్టింది. మొదటి రెండు వాయిదాల్లో రాజీ అడిగితే ఏమీ లేదు. ఆ తర్వాత మెజిస్ట్రేటు దగ్గరైతే చెక్కు మొత్తంలో 10 శాతం, సెషన్స్ కోర్టు లేదా హైకోర్టులో 15, సుప్రీంకోర్టులో 20. ఈ డబ్బు ఫిర్యాదికి పోదు, న్యాయ సేవాధికార సంస్థకి పోతుంది. ‘నేను వాడికి పూర్తిగా ఇచ్చేశాను, ఇంకా ఎవరికి కట్టాలి’ అనే చిరాకు ఇక్కడే పుడుతుంది.

2025లో సంజాబిజ్ తారి కేసులో జస్టిస్ మన్మోహన్, జస్టిస్ ఎన్.వి. అంజారియా ధర్మాసనం ఈ లెక్కను మార్చింది. కేసులు ఇంకా పెద్ద సంఖ్యలో పేరుకుపోయే ఉన్నాయి, వడ్డీ రేట్లేమో తగ్గాయి అన్నవి చెప్పిన కారణాలు. ఇప్పుడు ముద్దాయి తరఫు సాక్ష్యం నమోదు కాకముందే కడితే ఖర్చు లేదు. ఆ సాక్ష్యం అయ్యాక, తీర్పు రాకముందు కడితే 5 శాతం. సెషన్స్ లేదా హైకోర్టులో 7.5, సుప్రీంకోర్టులో 10.

ఆరు లక్షల చెక్కు అనుకుంటే మెజిస్ట్రేటు కోర్టులో ఆలస్యపు రాజీకి ఇదివరకు 60,000 పడేది. ఇప్పుడు సున్నా, మరీ ఆలస్యమైతే 30,000. అప్పీల్లో 90,000 కాస్తా 45,000 అయింది.

తగ్గిన శాతాల కంటే పెద్ద మార్పు ఇంకోటి ఉంది, దాన్ని వార్తల్లో అంతగా పట్టించుకోలేదు. ఖర్చు లేని కిటికీ ఎంత వెడల్పయిందో చూడాలి. ఇదివరకు రెండు వాయిదాలే. ఇప్పుడు ముద్దాయి హాజరవడం, నేరం ఒప్పుకుంటావా అని అడగడం, ఫిర్యాది సాక్ష్యం, క్రాస్ ఎగ్జామినేషన్, ఆ తర్వాత సాక్ష్యం మీద ముద్దాయిని కోర్టు ప్రశ్నించడం, ఇవన్నీ దాటేదాకా కిటికీ తెరిచే ఉంటుంది. ఒక మోస్తరు కోర్టులో ఇదంతా ఏళ్ళ మాట. దీనివల్ల ఒక మేలు కనిపిస్తోంది. లాయర్ని పెట్టుకుని, ఫిర్యాది పద్దు పుస్తకం కోర్టులో ఎంత నిలబడిందో చూసుకుని, అప్పుడు ముద్దాయి నిజమైన అంకెకి రావచ్చు. నష్టం కూడా స్పష్టమే: తొందరపడాల్సిన కారణం ఒకటి పోయింది. మొదటి వాయిదాకీ ఇరవయ్యో వాయిదాకీ ముద్దాయికి ఖర్చులో తేడా లేనప్పుడు ఆలస్యాన్ని మోసేది ఫిర్యాది ఒక్కడే.

ఆ లోటును కొంత పూడ్చేవి 2018 సవరణతో వచ్చిన రెండు నిబంధనలు. సెక్షన్ 143ఏ కింద, ముద్దాయి నేరం ఒప్పుకోనన్న తర్వాత చెక్కు మొత్తంలో 20 శాతం దాకా మధ్యంతర పరిహారం ఇమ్మని కోర్టు ఆదేశించవచ్చు. ఇది తప్పనిసరి కాదు, కేసు బలాబలాలు చూసి నిర్ణయించాలని 2024లో సుప్రీంకోర్టు చెప్పింది. సెక్షన్ 148 కింద, శిక్ష పడి అప్పీలుకి వెళ్ళేవాడిని జరిమానా లేదా పరిహారంలో కనీసం 20 శాతం కట్టమని అప్పీలు కోర్టు ఆదేశించవచ్చు. చేతిలోంచి లక్షా ఇరవై వేలు పోయాక రాజీ మాట వినబడే తీరు మారుతుంది.

కొత్త తీర్పులో ఇంకో సంగతి, సమన్లలోనే డబ్బు కట్టే అవకాశం గురించి రాయాలని, జిల్లా కోర్టులు క్యూఆర్ కోడ్ లేదా యూపీఐ లింకు ద్వారా చెక్కు మొత్తం కట్టే ఏర్పాటు చేయాలని చెప్పింది. మధ్యవర్తి లేకుండా, ఎదుటివాడి మొహం చూడకుండా బాకీ తీర్చగలగడం చిన్న విషయమేమీ కాదు. చాలా కేసుల్లో డబ్బున్నా మాటలు లేక ఆగుతుంది.

ఫిర్యాది ఒప్పుకోకపోతే

ముద్దాయి మొత్తం డబ్బు బల్ల మీద పెట్టినా ఫిర్యాది ‘నాకు రాజీ వద్దు, శిక్ష పడాలి’ అంటే ఏమవుతుంది? ఈ ప్రశ్న మీద సుప్రీంకోర్టు వైఖరి అటూ ఇటూ ఊగింది. రాజీకి ఫిర్యాది అంగీకారం తప్పనిసరి అని 2012లో జేఐకే ఇండస్ట్రీస్ కేసులో చెప్పింది. 2017లో కాంచన్ మెహతా కేసులో, ఫిర్యాదికి తగిన పరిహారం అందితే అతను ఒప్పుకోకపోయినా మెజిస్ట్రేటు కేసు మూసేయవచ్చంది. 2021 ఏప్రిల్ 16న అయిదుగురు జడ్జీల ధర్మాసనం ఆ దారి చట్టంలో లేదని తేల్చింది. 2024లో రాజ్ రెడ్డి కల్లెం కేసులో మళ్ళీ అదే మాట: అంగీకారం బలవంతంగా తీసుకోలేం. అయితే ఆ కేసులో ఫిర్యాదికి డబ్బు మొత్తం ముట్టింది కాబట్టి ఆర్టికల్ 142 కింద తన ప్రత్యేక అధికారం వాడి కేసు కొట్టేసింది. ఆ అధికారం సుప్రీంకోర్టుకే ఉంది, అమలాపురం మెజిస్ట్రేటుకి లేదు.

కాబట్టి కింది కోర్టులో ఫిర్యాది మాటే చివరిది. ఈ పట్టు కొన్నిసార్లు బేరానికి వాడుకోబడుతుంది: చెక్కు అయిదు లక్షలదే, కానీ మిగతా అరువు, పాత చేబదులు, చీటీ బాకీ అన్నీ కలిపి పన్నెండు ఇస్తేనే రాజీ అంటారు. ఇలాంటి చోటికే 2025 తీర్పు ఒక దారి చూపింది. ముద్దాయి చెక్కు మొత్తం కట్టడానికి సిద్ధంగా ఉన్నా ఫిర్యాది చెక్కుకి మించి అడుగుతుంటే, నేరం ఒప్పుకోమని మెజిస్ట్రేటు సూచించి, జైలు లేకుండా, మంచి ప్రవర్తన హామీ మీద ప్రొబేషన్ చట్టం కింద వదిలేసే అవకాశం చూడవచ్చు. ఇది రాజీతో సమానం కాదు. రాజీ కుదిరితే చట్టం దృష్టిలో ముద్దాయి నిర్దోషిగా విడుదలైనట్టే. నేరం ఒప్పుకుంటే దోషి అన్న ముద్ర ఉంటుంది. కానీ ఎదుటివాడి మొండితనానికి ఒక హద్దు పడింది.

లోక్ అదాలత్, కోర్టు హాలు, పెద్దమనుషులు

రాజీ కుదిరే చోట్లు మూడు. వీటిలో పెద్దమనుషుల్లో పెట్టడం డెల్టాలో అన్నిటికంటే పాత పద్ధతి, అన్నిటికంటే వేగంగా తేలేదీ. వాళ్ళకి ఇద్దరి ఆస్తీ, అలవాట్లూ, అబద్ధాలూ తెలుసు. ఎవరి చెరువు నిజంగా పోయింది, ఎవరు పోయిందని చెబుతున్నారు అన్నది జడ్జిగారి కంటే వాళ్ళకే బాగా తెలుసు. అయితే అక్కడ రాసుకున్న తెల్లకాగితం దానంతటది కేసుని మూసేయదు. అది కోర్టుకి చేరి, రాజీ నమోదై, ఉత్తర్వు రావాలి. డబ్బు ఇచ్చేశాం కదా అని వాయిదాకి వెళ్ళడం మానేసినవాళ్ళ మీద నాన్‌బెయిలబుల్ వారంటు రావడం కోర్టుల చుట్టూ తిరిగేవాళ్ళకి తెలిసిన సంగతే.

కోర్టు హాల్లో ఇద్దరూ కలిసి రాజీ మెమో, అంటే రాజీ కుదిరిందని చెప్పే కాగితం, వేసి, జడ్జి అడిగితే ఒప్పుకుని, రాజీ నమోదు చేయించుకోవడం రెండోది. డబ్బు ఏకమొత్తంగా అప్పటికే చేతికి వచ్చి ఉంటే ఇదే శుభ్రమైన పద్ధతి.

మూడోది లోక్ అదాలత్. ఏడాదిలో కొన్నిసార్లు జరిగే జాతీయ లోక్ అదాలత్ రోజున కోర్టులున్న పట్టణాల్లో బెంచీలు కూర్చుంటాయి, చెక్కు కేసులకి అందులో పెద్దపీట. ఇక్కడ ఇచ్చే అవార్డు 1987 న్యాయ సేవాధికార సంస్థల చట్టం ప్రకారం సివిల్ డిక్రీతో సమానం, అప్పీలు లేదు. ప్రోనోటు మీద సివిల్ దావా కూడా నడుస్తుంటే అక్కడ కట్టిన కోర్టు ఫీజు వెనక్కి వస్తుంది. చెక్కు కేసు క్రిమినల్ కోర్టుదైనా, అందులోంచి లోక్ అదాలత్‌కి వెళ్ళి వచ్చిన అవార్డును డిక్రీలాగే అమలు చేయించవచ్చని 2011లో గోవిందన్ కుట్టి మీనన్ కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. అంటే కడతానన్న డబ్బు కట్టకపోతే మళ్ళీ మొదటి నుంచి దావా అక్కర్లేదు, నేరుగా సివిల్ కోర్టులో ఈపీ, అంటే డిక్రీ అమలు పిటిషను, వేసి పొలమో ఇల్లో జప్తు అడగవచ్చు.

దీని వెనక వైపు కూడా చూడాలి. అవార్డుతో క్రిమినల్ కేసు అయిపోతుంది, జైలు భయం పోతుంది. పేరు మీద సెంటు భూమి లేని కౌలు రైతు మీద డిక్రీ ఉన్నా ఈపీలో పట్టుకోవడానికి ఏమీ ఉండదు. ఆస్తి ఉన్నవాడితో లోక్ అదాలత్ ఫిర్యాదికి లాభం, లేనివాడితో చేతికొచ్చిన రొక్కమే లాభం.

లోక్ అదాలత్‌లో ఆలస్యపు ఖర్చు ఉండదనుకోవడం కూడా పూర్తిగా సరికాదు. మామూలుగా అక్కడ కూడా వర్తిస్తుందని, తగిన కారణం రాసి తగ్గించవచ్చని 2014లో సుప్రీంకోర్టు చెప్పింది. చెరువు మునిగినవాడి పరిస్థితి చెప్పుకుంటే వినే వీలు ఉంది.

కంతుల రాజీ ఎక్కడ విరుగుతుంది

ఏకమొత్తం ఇవ్వగలిగితే కేసు ఇక్కడిదాకా రాదు కాబట్టి ఎక్కువ రాజీలు కంతుల మీదే కుదురుతాయి. దసరాకి ఇంత, సంక్రాంతికి ఇంత, దాళ్వా ధాన్యం డబ్బు వచ్చాక మిగతాది. హామీగా మళ్ళీ కొత్త చెక్కులు. రెండో కంతు దగ్గర ఆగిపోతుంది, అప్పుడు మొదలవుతుంది అసలు తలనొప్పి.

2021 అక్టోబరులో జింపెక్స్ కేసులో సుప్రీంకోర్టు తేల్చింది ఇదే. రాజీ ఒప్పందం రాసుకున్నాక పాత చెక్కు కేసు నిలబడదు, పాత బాధ్యత స్థానంలో ఒప్పందం వచ్చి కూర్చుంటుంది. ఒప్పందం కింద ఇచ్చిన కొత్త చెక్కు తిరిగొస్తే దాని మీద కొత్తగా 138 కేసు వేసుకోవచ్చు. ఒకే బాకీకి పాతదీ కొత్తదీ రెండు కేసులు పక్కపక్కన నడపడం మాత్రం కుదరదు. మోసంతో చేయించారని తేలితే తప్ప ఒప్పందాన్ని పక్కన పెట్టి వెనక్కి పోలేరు.

ఫిర్యాది వైపు నుంచి చూస్తే దీని అర్థం భయపెట్టేదే. నాలుగేళ్ళు నడిపి తీర్పు దగ్గరికి తెచ్చిన కేసును ఒక కాగితం మీద సంతకంతో వదులుకుని, మళ్ళీ మెమో, నోటీసు, 15 రోజులు, సమన్లు అంటూ మొదటి మెట్టు ఎక్కాలి. అందుకే కంతులు ఉన్నప్పుడు రాజీ ఉత్తర్వును చివరి కంతుదాకా ఆపుకోవడం, ఈలోపు కోర్టులో వాయిదాలు తీసుకుంటూ ఒక్కో కంతునూ బ్యాంకు ద్వారా తీసుకుని మెమో వేయడం తెలివైన వరస. ముద్దాయి కూడా దీనికి ఒప్పుకుంటాడు, అతనికి కావాల్సింది సమయం కదా. కొత్త చెక్కులు, ఒప్పందం రాసి వెంటనే కేసు ఎత్తేయమని ముద్దాయి తరఫువాళ్ళు పట్టుబడితే, దానికి బదులుగా మొదటి కంతు పెద్దదిగా ఉండాలి. సగమైనా ముట్టకుండా కేసు వదిలేయడం ఉదారం కావచ్చు, వ్యాపారం కాదు.

ముద్దాయి వైపు గొయ్యి వేరే చోట ఉంది. చెక్కు ఇచ్చాక, అది బ్యాంకులో పడకముందు కొంత బాకీ కట్టేసినా ఆ సంగతి ఎక్కడా రాయించుకోరు. ప్రోనోటు వెనక చెల్లు రాయించుకునే అలవాటు పాతకాలం నుంచీ ఉన్నదే, చెక్కు దగ్గరికి వచ్చేసరికి ఎందుకో మర్చిపోతారు. కొంత కట్టాక చెక్కు మీద ఆ చెల్లు రాయకుండా మొత్తానికి బ్యాంకులో వేస్తే, ఆ రోజుకి ఉన్న నిజమైన బాకీ చెక్కు అంకె కాదు కాబట్టి 138 కింద నేరం కాదని 2022లో దశరథ్‌భాయ్ పటేల్ కేసు చెప్పింది. కట్టినట్టు రుజువున్నవాడికి రాజీ బేరంలో ఇంతకంటే బలమైన ముక్క లేదు. చేతికి చెయ్యి రొక్కం ఇచ్చినవాడికి ఆ ముక్క ఉండదు.

అంకె ఎక్కడ ఆగుతుంది

బేరంలో ఇరువైపులా హద్దులు ఉంటాయి. పైహద్దు చట్టం పెట్టినది, చెక్కుకి రెట్టింపు జరిమానా. కిందిహద్దు సాధారణంగా చెక్కు మొత్తం. మధ్యలో వడ్డీ. జరిమానా వేసేటప్పుడు చెక్కు మొత్తంతో పాటు ఏడాదికి 9 శాతం సాధారణ వడ్డీ ఫిర్యాదికి అందేలా చూడాలని 2011లో ఆర్. విజయన్ కేసులో సుప్రీంకోర్టు సూచించింది. ఊళ్ళో మాత్రం నూటికి రెండు రూపాయలు, అంటే ఏడాదికి 24 శాతం, మామూలు మాట. ఆరు లక్షల మీద మూడేళ్ళకి కోర్టు లెక్కలో వడ్డీ 1,62,000, ఊరి లెక్కలో 4,32,000. ఆ రెండు లక్షల డెబ్బై వేల చుట్టూనే పెద్దమనుషులు కాఫీలు తాగుతారు. ఇందులో ఏ అంకె న్యాయమో చెప్పడం కష్టం, ఎందుకంటే డీలర్ కూడా పైన కంపెనీకి వడ్డీ కడుతూ ఉండవచ్చు. కానీ తొమ్మిది శాతం అన్న కోర్టు మాట ఒకటి ఉందని తెలిసిన ముద్దాయికీ తెలియని ముద్దాయికీ బేరంలో చాలా తేడా.

ఇరవై వేలు దాటిన అప్పు రొక్కంగా ఇవ్వకూడదని ఆదాయపు పన్ను చట్టం అంటుంది కదా, ఆ అప్పు చెల్లదు అన్న వాదన కొన్నాళ్ళు ముద్దాయిలకి పనికొచ్చింది. ఆ నిబంధన తప్పితే పన్ను చట్టం కింద జరిమానా పడవచ్చేమో గానీ బాకీ రద్దు కాదని 2025 తీర్పే తేల్చేసింది. బేరంలో ఆ ముక్కకి ఇక విలువ లేదు.

రాజీ కాగితంలో జారిపోయేవి

ఒకే బాకీ మీద ఎన్ని కేసులు ఉన్నాయో ముందు లెక్క వేసుకోవాలి. మూడు చెక్కులకి మూడు కేసులు, ప్రోనోటు మీద సివిల్ దావా, కొన్నిసార్లు దాని పైన స్టేషన్లో మోసం కేసు. చెక్కు కేసులో రాజీ అయితే మిగతావి వాటంతటవి పోవు. మెమోలో అన్ని నంబర్లూ రాసి, ఏ కోర్టులో ఏది ఎప్పుడు ముగిస్తారో రాసుకోవాలి. మోసం కేసులో రాజీకి కోర్టు అనుమతి విడిగా కావాలి.

వాడని ఖాళీ చెక్కులు, ఖాళీ ప్రోనోట్లు వెనక్కి తీసుకోవడం ఇంకోటి. ఒక చెక్కు కేసు తీర్చుకుని, అదే డీలర్ బీరువాలో ఇంకో రెండు వదిలేసి వచ్చేవాళ్ళు తక్కువేం కాదు. అవి దొరకడం లేదంటే, వాటి నంబర్లు రాసి వాటి మీద ఏ హక్కూ లేదని ఒప్పందంలోనే రాయించుకుని, బ్యాంకుకి కూడా తెలియజేయడం ఒక పద్ధతి.

ఎవరెవరు సంతకం పెట్టాలన్నది కూడా చూసుకోవాలి. భార్యాభర్తల జాయింటు ఖాతా అయినా చెక్కు మీద సంతకం చేసినవారే ముద్దాయి అవుతారని 2013లో అపర్ణ షా కేసులో తేలింది. భాగస్వామ్య మిల్లు అయితే సంస్థనీ, వ్యాపారం చూసే భాగస్వాములనీ కలిపి కేసు వేస్తారు. వాళ్ళలో ఒకరే వచ్చి రాజీ చేసుకుంటే మిగతావాళ్ళ మీద కేసు సంగతి ఏమిటన్నది మెమోలో స్పష్టంగా ఉండాలి. ఫిర్యాది చనిపోతే వారసులు కేసు నడపవచ్చు, రాజీ కూడా చేసుకోవచ్చు. ముద్దాయి చనిపోతే క్రిమినల్ కేసు అక్కడితో ఆగుతుంది, బాకీ మాత్రం అతని ఆస్తి మేరకు వారసుల మీదికి వస్తుంది, దాన్ని సివిల్ దావాలో తేల్చుకోవాలి.

వారంటు బయట ఉన్న ముద్దాయి రాజీ రోజున నేరుగా కోర్టుకి వస్తే ముందు ఆ వారంటు రీకాల్ చేయించుకోవాలి. మధ్యంతర పరిహారం కిందో అప్పీలు డిపాజిట్ కిందో ఇదివరకే కట్టిన డబ్బు కోర్టులో ఉంటే అది ఎవరికి వెళ్ళాలో కూడా అదే మెమోలో రాయాలి, లేకపోతే దాన్ని తీసుకోవడానికి ఇంకో పిటిషను, ఇంకో నాలుగు వాయిదాలు. రాజీ ఉత్తర్వు వచ్చాక దాని ధ్రువీకృత నకలు తీసి దగ్గర ఉంచుకోవాలి.